మూడో అంకం రాసిందెవరు?

పొయ్యి మీద కూర ఉడుకుతోంది. ఇల్లాలు ఒక చేత్తో గరిటె తిప్పుతూ, రెండో చేత్తో కాగితాల మీద రాస్తోంది.

"నాలుగో సీను అయిందా?" అద్దం ముందు నుంచి భర్త కేక.

"సంచిలో పెట్టానండీ, క్యారేజీ పక్కనే."

ఆయన టీవీ దర్శకుడు. తాతల కాలం నుంచీ రంగస్థలం మీద ఆడుతున్న ఒక పెళ్లి నాటకాన్ని సీరియల్‌గా తీస్తున్నాడు. నాలుగు గంటల నాటకాన్ని పదకొండు భాగాలుగా మలచడం కత్తి మీద సామే. ఆ సాము చేసింది ఆమె. స్క్రిప్టు మీద పేరు మాత్రం ఆయనది. "ఎంత బాగా రాశారండీ!" అని స్టూడియోలో అందరూ మెచ్చుకుంటే ఆయన చిరునవ్వు నవ్వి ఊరుకునేవాడు. దీన్ని దొంగతనమంటారని ఆ ఇంట్లో ఎవరికీ తట్టలేదు, పాఠకులారా, ఆమెకు కూడా!

మూడో అంకం షూటింగు రోజున పేచీ వచ్చింది. స్టేజీ మీద ఇదే నాటకంలో ముప్పై ఏళ్లపాటు భార్య వేషం కట్టిన పెద్ద నటి ఇప్పుడు అత్త పాత్ర వేస్తోంది. అందరూ ఆమెను పెద్దమ్మ అంటారు.

"భార్య మొగుణ్ని నిలదీసే డైలాగు ఎగరగొట్టేశావేం బాబూ? జనం చప్పట్లు కొట్టేది దానికే కదా!"

దర్శకుడు స్క్రిప్టు కాగితాలు తిరగేశాడు. "నిడివి ఎక్కువైందని... సరే, పెట్టేద్దాం లెండి."

"వద్దండీ!"

అందరూ వెనక్కి తిరిగారు. దిద్దిన కాగితాలు ఇచ్చిపోదామని వచ్చిన భార్య గుమ్మంలో నిలబడి ఉంది.

"స్టేజీ మీదైతే చివరి బెంచీకి వినపడాలి, కాబట్టి అరవాలి. ఇక్కడ కెమెరా మొహానికి జానెడు దూరంలో ఉంటుంది. ఇన్నేళ్లూ ఆ భార్య మాట్లాడింది, అతను వినలేదు. ఇవాళ ఆమె నోరు మూసుకుంటే అతనికి మొదటిసారి భయమేస్తుంది. ఆ భయం కనపడాలి."

పెద్దమ్మ ఆమెను ఎగాదిగా చూసింది. "ఇది రాసింది నువ్వా అమ్మాయీ?"

ఆమె భర్త వైపు చూసింది. ఆయన తల దించుకున్నాడు.

"నేనే. పదకొండు భాగాలూ నేనే రాశాను."

దర్శకుడు లేచాడు. స్క్రిప్టు అట్ట మీద తన పేరు కొట్టేసి, భార్య పేరు రాశాడు. "నిజమే, పెద్దమ్మా. చెప్పాల్సింది నేను. తనతో చెప్పించాను," అన్నాడు.

ఆ సీను మాటల్లేకుండానే తీశారు. ప్రసారమైన మర్నాడు వీధి వీధినా దాని ముచ్చటే. విజయోత్సవానికి హాలు కిటకిటలాడింది. దర్శకుణ్ని వేదిక మీదికి పిలిస్తే ఆయన భార్యను పంపి, తను జనంలో కూర్చుని అందరికంటే గట్టిగా చప్పట్లు కొట్టాడు.

పెద్దమ్మ మైకు అందుకుంది.

"కట్టుకున్నదాని కష్టాన్ని నలుగురిలో 'ఇది ఆమెది' అని చెప్పగలిగినవాడే మొగుడు. అది చెప్పలేనివాడు పెళ్లి గురించి ఎన్ని నాటకాలు తీసినా, ఒక్క ముక్కా అర్థం కానట్టే!"