అరువు నడక

మేకప్ మనిషి తన కళ్ల కింద ముడతలు గీస్తుంటే ఆమె కదలకుండా కూర్చుంది. ఈ మధ్య అతను గీయకముందే ముడతలు ఉంటున్నాయి. అతను మాత్రం అవేవీ కనబడనట్టే, అన్నీ తానే కొత్తగా గీస్తున్నట్టే, శ్రద్ధగా కుంచె ఆడిస్తాడు. అందుకే అతనంటే ఆమెకు అభిమానం.

ఇవాళ్టి వేషం వంటమనిషి. నర్సు, జడ్జి, బిచ్చగత్తె, మొగుణ్ణి రాచిరంపాన పెట్టే గయ్యాళి, ఏదిచ్చినా ఇట్టే ఒదిగిపోతుందని పేరు. పేరంటే పెద్ద పేరేమీ కాదు. వీధిలో జనం ముఖం గుర్తుపట్టి, పేరు కోసం తల గోక్కుంటారు. ఆమె ఏదీ సొంతంగా కల్పించలేదని ఎవరికీ తెలియదు. జడ్జి చూపు బడిలో లెక్కల టీచరుది. గయ్యాళి గొంతు మేనత్తది. హాళ్లలో జనాన్ని పొట్టచెక్కలయ్యేలా నవ్వించిన కుంటినడక సొంత అక్కది.

తల్లి పోయాక, ఆ కాలితోనే అక్క ఆమెను చంకనేసుకుని పెంచింది. ఆ నడకను తెరకెక్కించినప్పుడు ఆమె ఒక జాగ్రత్త పడింది. అక్కకు ఎడమకాలు పొట్టి. తాను కుడికాలు ఈడ్చింది. ఇంకెవరూ పోల్చుకోలేరనుకుంది. అక్క ఆ సినిమా చూసొచ్చి, "బాగా చేశావే" అంది. ఆ మాట ఇన్నేళ్లూ గొంతులో ముల్లులా ఉండిపోయింది.

ఈ సాయంత్రం బస్సుకు అక్క తమ్ముడి దగ్గరికి వెళ్లిపోతోంది. మరదలు మంచం పట్టింది. ఇక అక్కడే ఉంటుంది. బస్సెక్కేలోపు క్షమించమని అడగాలి. పొద్దున నోటిదాకా వచ్చిన మాట షూటింగ్ కారు హారన్ వినగానే వెనక్కిపోయింది.

"అమ్మా, పళ్లెం పట్టుకుని రండి. మీ నడక ఒకటుందిగా, అది పడాలి" అన్నాడు దర్శకుడు.

"దీనికి మామూలుగా నడిస్తేనే బాగుంటుందేమో బాబూ."

"మామూలు నడకకు మీరెందుకమ్మా?"

అందరూ నవ్వారు. ఆమె కూడా నవ్వింది. నవ్వి, కుడికాలు ఈడ్చింది.

షాట్ అయ్యాక, ఆ నవ్వుల మధ్య, లైట్ల వెనక, భుజాన సంచితో అక్క కనిపించింది. బస్‌స్టాండుకు వెళ్తూ ఇంటి తాళంచెవి ఇచ్చిపోదామని వచ్చింది.

"ఎన్నాళ్లు చేసినా తప్పు కాలే కుంటుతావేమే?" అంది అక్క. "నాది ఎడమకాలు."

"నీకు... తెలుసా?"

"నా నడక నాకు తెలీదూ? ఏడవకు, ఆ రంగంతా కారిపోతుంది. పాపం, ఎవరో కష్టపడి వేసినట్టున్నారు."

"మరి ఇన్నాళ్లూ అడగలేదేం?"

"నువ్వే చెప్తావని చూశా."

తాళంచెవి చేతిలో పెట్టి, గడియ బిగుసుకుంటోందని, కాస్త పైకెత్తి తియ్యమని చెప్పి అక్క వెనుదిరిగింది. ఇంకా నవ్వుతూనే ఉన్న లైట్ల మనిషి ఆ నడక చూశాడు. చప్పున నవ్వు ఆపి, వంగి, ఆవిడ దారికి అడ్డంగా ఉన్న వైరు పక్కకు లాగాడు.

ఆమె నోరు తెరిచింది. "ఇంకో టేక్!" అని అరిచారు. ఆమె వెళ్లి తన చోట నిలబడింది.

సాయంత్రం గడియ పైకెత్తి తీసింది. గుమ్మం లోపల అక్క వదిలేసిపోయిన పాత చెప్పులున్నాయి. కుడిది అందరి చెప్పులాంటిదే. ఎడమదాని కింద మాత్రం రబ్బరు ముక్కలు ఒకదానిమీదొకటి మేకులు కొట్టి ఉన్నాయి, అన్నీ ఒక పక్కకే అరిగి.