మొంత్రివెల్ కోట ద్వారం

శనివారం రొట్టెల రోజు. మొంత్రివెల్ ఆడవాళ్లంతా పిండి గంపలు చంకన పెట్టుకుని, కోట ద్వారం దాటి బయట ఉన్న ఊరుమ్మడి పొయ్యి దగ్గరికి పోతారు. ఊరు కాలిపోతుందని భయపడి, గోడ కట్టించిన ప్రభువే దాన్ని బయట పెట్టించాడట. ఆ ప్రభువు పోయి వందల ఏళ్లయింది. అయినా ఇంకా అంతదూరం మోసుకుపోతూనే ఉన్నారు. ఆ ఊరి తీరే అంత.

ఇక ద్వారం సంగతి. ఊళ్లో పుట్టినవాళ్లు వస్తే దాని రాతి కమాను పైకి లేస్తుంది. ఆరడుగుల మేయరు నెత్తిన టోపీతో సహా దర్జాగా నడిచిపోతాడు. బయటివాళ్లొస్తే కిందికి దిగుతుంది. పోస్టుమ్యాన్ రోజూ సైకిలు దిగి, నడుం వంచి, "మీ ద్వారానికి మర్యాద తెలీదయ్యా" అని తిట్టుకుంటూ వస్తాడు.

మార్సెలిన్ పక్క లోయ నుంచి ఆ ఊరి కోడలిగా వచ్చి నలభై ఏళ్లు. మనిషి పొట్టి. అయినా వంగాల్సిందే. ఊళ్లో సగం మందికి పురుళ్లు పోసిన మనిషి కోసం కూడా ఆ పాడు రాయి వేలెడంత లేవలేదు. మొన్న చలికాలంలో మొగుడు గాస్తోన్ పోయేదాకా ఆమె దాన్ని పట్టించుకోలేదు. ద్వారం ఎవరి నడుం వంచుతుందో వాళ్లను చర్చి పక్కన పూడ్చరు. వాళ్ల చోటు గోడ బయట, రోడ్డు వార. గాస్తోనేమో చర్చి పక్కన ఉన్నాడు.

"నన్ను ఆయన పక్కన పెట్టండి ఫాదర్, మీ కాళ్లు పట్టుకుంటా" అని ఎన్నిసార్లు బతిమాలినా పాదిరీది ఒకటే మాట: "నా చేతిలో ఏముందమ్మా? ద్వారం లేవనీ."

ఆ శనివారం, పట్నం నుంచి వచ్చి కొత్తగా అద్దెకు దిగిన ఇవెట్ అనే పిల్ల గంపతో వచ్చింది.

"పెద్దమ్మా, నా వంతు ఎప్పుడు?"

అప్పుడే పొయ్యిలో నిప్పులు ఊడ్చారు. పిండి చల్లితే చల్లినట్టే నల్లబడే వేడి. మొదట పెట్టిన రొట్టెలు మాడిపోతాయని మార్సెలిన్‌కి తెలియదా? కొత్త కోడలిగా వచ్చినప్పుడు, ఇదిగో ఈ కసాయి కొట్టు జెర్మేనే ఆమె చేత మొదటి వంతు పెట్టించి, రొట్టెలు బొగ్గులైతే విరగబడి నవ్వింది. ఇప్పుడూ అందరూ నవ్వు బిగబట్టుకుని మార్సెలిన్ వైపే చూస్తున్నారు.

చెబుదామనే నోరు తెరిచింది. "మొదటి వంతు నీదేనమ్మా. కొత్తవాళ్లకి మా ఊరి మర్యాద" అంది.

రొట్టెలు పైన బొగ్గు, లోపల పచ్చిపిండి.

"ఏమే, పట్నంలో ఇలాగే తింటారా?" అంది జెర్మేన్. ఆడవాళ్లు పడీ పడీ నవ్వారు. మార్సెలిన్ కూడా నవ్వింది, అందరికంటే గట్టిగా. జెర్మేన్ ఆమె వీపు మీద చరిచి, "మా మార్సెలిన్ అంటే ఏమనుకున్నావ్!" అంది. నలభై ఏళ్లలో ఆమెను ఎవరూ "మా" అనలేదు.

తిరిగొస్తూ ద్వారం దగ్గర అలవాటుగా తల వంచింది. అక్కర్లేకపోయింది. కమాను ఎక్కడో పైన ఉంది.

అక్కడే ఉన్న పాదిరీ చూశాడు. "ఇంకేం, మార్సెలిన్! గాస్తోన్ పక్క చోటు నీదే" అన్నాడు సంతోషంగా.

వెనకాల ఇవెట్ మాడిన రొట్టెల గంప పట్టుకుని, రెండుగా వంగి ద్వారంలోంచి వస్తోంది. ఆ పిచ్చిపిల్లకి ఇంకా ఏమీ అర్థం కాలేదు.

"మీకు లేచిందే పెద్దమ్మా! మరి నాకెప్పుడు లేస్తుంది?"

మార్సెలిన్ ఆ పిల్ల మొహంలోకి చూడలేకపోయింది.

"లేస్తుందిలే. నీ తర్వాత ఇంకో పిల్ల వస్తుందిగా" అంది.