నాయన పెట్టిన గుర్తులు

ఆ పాత ఫోన్ పారెయ్యమని చెప్పేవాళ్లందరికీ నా జవాబు ఒకటే: మీ పని మీరు చూసుకోండి. చిత్తూరు బెల్లాన్ని వ్యానులో నాయుడుపేట, సూళ్లూరుపేట, తడ అంగళ్లలో దించి రావడం మా నాయన గోవిందు పని. ఆయన పోయి ఏడాదైంది. ఇప్పుడా వ్యాను నేను నడుపుతున్నాను. దారి మాత్రం ఆయన ఫోనే చూపించాలి. నా దగ్గర కొత్త ఫోను లేక కాదు. నాయన ఆ ఫోన్ మ్యాపులో తనకు తోచిన మాటలతో గుర్తులు పెట్టుకున్నాడు. ‘ఈడ నీళ్లు బాగుంటాయి.’ ‘వానాకాలం ఈ దావ వద్దు.’ ‘ఈ అంగడాయనకు కోపం జాస్తి, నవ్వతా పలకరించాల.’ అవి చదువుకుంటూ పోతుంటే ఆయన పక్క సీట్లో కూర్చుని చెబుతున్నట్టే ఉంటుంది.

సెల్ అంగడి మునిప్రసాద్‌తో పెద్ద తలనొప్పి. ఆ ఫోనుకు అప్‌డేట్లు ఆగిపోయాయట, మ్యాపు ఎప్పటిదో అట, ఎండలో అద్దం దగ్గర పెడితే బ్యాటరీ ఉబ్బుతుందట. అంత తప్పదనుకుంటే దారి ఇంట్లోనే చూసుకుని బయల్దేరు, చూడాల్సొస్తే బండి ఆపి చూడు అని ఒకటే సతాయింపు. సరే, గుర్తులు కొత్త ఫోన్లోకి ఎక్కించు అన్నాను. నాయన వాటిని ఏ ఖాతాలోనూ దాచలేదని, ఆ ఫోను పోతే అవీ పోతాయని చెప్పాడు. ఇంకేం, నా మొండితనానికి మంచి కారణం దొరికింది.

పోయిన నెల నాయుడుపేట దాటాక ఫోను కాసేపు బిగుసుకుపోయింది. తిరగమని చెప్పేసరికి మలుపు వెనకబడింది. కొంచెం ముందుకు పోయాక సర్వీసు రోడ్డులోకి తిరగమంది. తిరిగాను. మ్యాపులో అది రెండు వైపులా పోయే దారి, నిజంగా ఇప్పుడది ఒక వైపే. ఎదురుగా లారీ. ఆ డ్రైవరు బ్రేకు తొక్కబట్టి ఈ మాటలు చెప్పగలుగుతున్నాను. దిగి తిడతాడనుకున్నాను. అద్దం దగ్గరున్న ఫోను చూసి, “దావ తెలీకుంటే మనిషిని అడగాల పాపా. యాడికి పోవాల?” అన్నాడు. నాయన గొంతు కూడా అంత మెత్తనే. ఏడుపు ఆగలేదు.

ఆ ఆదివారం అమ్మను పక్కన కూర్చోబెట్టుకుని గుర్తులన్నీ నోటుబుక్కులో రాశాను, ఒక్కొక్కటీ కొత్త ఫోన్లో పెట్టాను. పాతదాని బ్యాటరీ అప్పటికే వెనక మూతను పైకి లేపేసింది. తడ దగ్గర, నేనెప్పుడూ నొక్కి చూడని గుర్తొకటి మిగిలింది.

‘ఈడ సిగ్నల్ బాగుండాది. భానుకు ఫోన్ చెయ్యాల.’

భాను అంటే నేనే. అమ్మ మొహం అటు తిప్పుకుంది.

నేను కాలేజీలో చదివేటప్పుడు మధ్యాహ్నం అన్నాల వేళకు రోజూ ఆయన ఫోన్ వచ్చేది. తిన్నావా అని అడిగేవాడు. పక్కన స్నేహితురాళ్లు నవ్వుతారని నాకు సిగ్గు. తిన్నాలే నాయనా, పనుండాది, పెట్టెయ్ అనేదాన్ని. ఒక్కరోజన్నా నువ్వు తిన్నావా అని అడిగిన పాపాన పోలేదు.

నిన్న ఆ గుర్తు దగ్గర వ్యాను రోడ్డు పక్కకు తీసి ఆపాను. చెట్టు లేదు, అంగడి లేదు. నెత్తి మాడిపోయే ఎండ. నా రెండు ముక్కల కోసం ఇక్కడ దిగి నిలబడేవాడా ఈయన? కొత్త ఫోను చేతిలో పట్టుకుని నేనూ ఆ ఎండలోనే నిలబడ్డాను.

“ఇప్పుడేం పన్లేదు నాయనా,” అన్నాను పైకే. “ఎంతసేపన్నా మాట్లాడు.”