మొదటి మాట, చివరి మాట

పొద్దున తొమ్మిదిన్నరకల్లా చెల్లెమ్మ, సినిమాలకు సబ్‌టైటిళ్ళు సరిచేసే స్టూడియోలో తన కుర్చీలో కూర్చుంటుంది. ఇంట్లోనూ పనిలోనూ ఆమెను అందరూ అలాగే పిలుస్తారు. పదేళ్ళప్పుడు జ్వరమొచ్చి వినికిడి పోయింది, మాట మిగిలింది. పెదాలు చూసి మాట పసిగట్టడంలో ఆమెను మించినవాళ్ళు లేరు.

సెకనుకు ఇరవై నాలుగు బొమ్మలతో తీసిన సినిమాను ఇరవై ఐదుకు మారిస్తే బొమ్మ ముందుకు ఉరుకుతుంది, సబ్‌టైటిల్ కుంటుకుంటూ వెనకబడుతుంది. మొదట్లో రెప్పపాటు తేడా. ఆఖరికొచ్చేసరికి హీరోయిన్ చచ్చిపోయిన నాలుగు నిమిషాలకు "నీకేం కాదు" అని పడుతుంది.

"మొత్తం రెండు సెకన్లు ముందుకు జరిపేసి పంపించెయ్యమ్మా, ఎవడు చూస్తాడు?" అన్నాడు మేనేజరు.

"నాలాంటివాళ్ళు చూస్తారు సార్," అంది ఒళ్ళు మండి. అలా జరిపితే మొదలు చెడుతుంది, చివర ఎలాగూ ఏడుస్తూనే ఉంటుంది. మొదటి మాటనీ చివరి మాటనీ వాటి పెదాల దగ్గర బిగించి కడితే మధ్యవన్నీ వాటంతటవే సర్దుకుంటాయి. ఇది చెప్పి చెప్పి విసిగిపోయే వేరే ఊళ్ళోని పెద్ద స్టూడియోకి దరఖాస్తు పెట్టుకుంది. ఇంటర్వ్యూ అయి నెలైంది. ఫోన్ చేస్తామన్నారు. తనకు వినపడదు కాబట్టి అన్నయ్య నంబరిచ్చింది.

ఆమె చెవులు పోయిన వారానికే ఆ ఇంట్లో ఎవరు మాట్లాడినా గడ్డం కింద తెల్లటి అక్షరాలు పడడం మొదలైంది. లేత రంగుల మీద కనపడవని వదిన ఇంటిల్లిపాదికీ ముదురు చొక్కాలే కొంటుంది. అయితే ఇంటర్వ్యూ మర్నాటి నుంచి అన్నయ్య అక్షరాలు వెనకబడ్డాయి. మొదట గుటక వేసేంతసేపు. ఇప్పుడు ఏకంగా రెండు వారాలు.

శనివారం సాయంత్రం అడిగింది. "ఫోనొచ్చిందా అన్నయ్యా?"

"రాలేదమ్మా, వస్తే చెప్పనా?" అన్నాయి పెదాలు. గడ్డం కింద మాత్రం "గీజర్ ఆపారా?" అని పడింది.

ఊళ్ళోవాళ్ళ సినిమాలన్నీ బాగుచేస్తూ ఇంట్లోదాన్ని ఎలా వదిలేశానా అనుకునేసరికి చెల్లెమ్మకు తలదాకా మంటెక్కింది.

"కదలకు," అంది. "ఇంటర్వ్యూ నుంచి వచ్చిన రోజు గుమ్మంలో 'ఎలా జరిగింది' అన్నావు. అది మొదటిది. ఇప్పుడు 'రాలేదు' అన్నావు. అది చివరిది." అతని గడ్డం కింద ఈ చివరొక బొటనవేలు, ఆ చివరొక బొటనవేలు నొక్కిపట్టింది.

అక్షరాలు పరుగు లంకించుకున్నాయి. టీలో పంచదార ఎక్కువైంది. తాళాలెక్కడ పెట్టారు. ఫ్యాను తగ్గించు. తర్వాత, ఈ వారంలోనే ఎప్పుడో వరండాలో వీపు తిప్పుకుని ఫోన్లో అన్న మాట: "మా చెల్లి రాదండి. సోమవారం దాకా ఆగక్కర్లేదు, ఇంకొకర్ని తీసుకోండి."

కూరలు తరుగుతున్న వదిన కత్తి పక్కన పెట్టేసింది.

"నీ మంచికేనమ్మా! వినపడనిదానివి, ఊరుకాని ఊళ్ళో ఎలా బతుకుతావని..." అన్నాడు అన్నయ్య. ఈసారి అక్షరాలు పెదాలతోపాటే పడ్డాయి.

"నా బదులు మాట్లాడమని నంబరివ్వలేదు! నాకు చెప్పమని ఇచ్చాను!" పక్కింటివాళ్ళ కిటికీ తెరుచుకునేంత గట్టిగా అరిచింది. అతని చేతిలోంచి ఫోను లాక్కుని ఆ పెద్ద స్టూడియోకి మెసేజ్ కొట్టింది: "రాదన్నది మా అన్నయ్య. నేను వస్తున్నాను."

పది నిమిషాలకు జవాబొచ్చింది: "ఇంకా ఎవర్నీ తీసుకోలేదు. సోమవారం తొమ్మిదికి రండి."

వదిన అటక మీది పెట్టె దించింది. అన్నయ్య ఆమె గది గుమ్మంలో నిలబడి ఏదో చెబుతూనే ఉన్నాడు. అక్షరాలు ఒక్కటీ వెనకబడకుండా, పెదాలు కదిలిన క్షణానికే పడుతున్నాయి. చెల్లెమ్మ అటు వీపు పెట్టి బట్టలు సర్దుకుంటోంది.