ఆడవాళ్ళ వంతు

ఆదివారం మధ్యాహ్నం భోజనాలు కాగానే నాట్యానికి చోటిస్తూ ఊరి హాల్లో కుర్చీలు గోడవారకు జరిగేవి. ఆర్సేన్ అకార్డియన్ వాయిద్యపు పెట్టె పట్టీలు భుజాలకెత్తుకుని, ఉసూరుమంటూ జంటలు తిరిగే మొదటి వాల్ట్జ్ పాట అందుకునేవాడు. నలభై ఏళ్ళుగా ఇదే తంతు.

అతను వాయిస్తుంటే నాట్యమాడేవాళ్ళ ఒంటి బరువంతా ఆ పెట్టెలోకి దిగేది. మోకాళ్ళు అరిగిన ముసలివాళ్ళు పాదాలు నేలకు ఆనీ ఆనకుండా తిరిగేవాళ్ళు. ఆట ముగిసినా ఆ బరువు ఓ పట్టాన వదిలేది కాదు. వాళ్ళంతా ఇళ్ళకు పోయి పడుకునేదాకా అతను మోయాల్సిందే.

"ఇవాళ అందరూ బాగా మెక్కినట్టున్నారే," అని విసుక్కునేవాడు.

"మాంసం కూర అదిరింది మరి!" అని నవ్వేవాళ్ళు.

ఈ ఏడు ఎడమ భుజం పూర్తిగా పాడైంది. ఇంకో చలికాలం ఇలాగే వాయిస్తే చెయ్యి పైకి లేవదని డాక్టరు మొహం మీదే చెప్పాడు. ఇక మానేస్తానని ఇవాళ చెప్పేద్దామనే వచ్చాడు ఆర్సేన్. తీరా చేతికర్రలు తలుపు పక్కన పెట్టి లోపలికొస్తున్న వాళ్ళను చూసేసరికి ఎప్పట్లాగే పట్టీలు భుజాలకెత్తుకున్నాడు. జాలేసింది, ఒళ్ళు మండింది కూడా.

రొట్టెల కొట్టు యుగెట్ కాఫీ తెచ్చిచ్చింది. "చెప్పేశావా?"

"ఏంటి చెప్పేది?"

"నీ భుజం సంగతి. పొద్దున రొట్టె కొంటూ డాక్టరు పెళ్ళాం అందరి ముందూ చెప్పింది."

టాంగో నాట్యాలయ్యాక ఆడవాళ్ళ వంతు వచ్చింది. ఆ వంతులో ఆడమనిషి పిలిస్తే మగవాడు కాదనకూడదు. ఆర్సేన్‌ను మాత్రం ఇన్నేళ్ళలో ఒక్కరూ పిలవలేదు. యుగెట్ నేరుగా వేదిక ముందుకొచ్చి చెయ్యి చాపింది.

"దిగు."

"మతిపోయిందా? నేను దిగితే వాయించేదెవరు?"

"అంటే, కాదంటున్నావా?"

"కాదంటే ఊరుకోం!" అని వెనకనుంచి కేకేశాడు ముసలి పోస్ట్‌మాన్ గోబర్. "నా తుంటి విరిగినప్పుడైనా వదిలారా నన్ను?"

ఆర్సేన్ చేసేది లేక పెట్టెను కుర్చీలో దించి కిందికొచ్చాడు. యుగెట్ నోటితోనే వాల్ట్జ్ పాట ఎత్తుకుంది. గోబర్ గొంతు కలిపాడు. పాడేవాళ్ళ బరువు పాడేవాళ్ళ దగ్గరే ఉంటుందని ఊళ్ళో చిన్నపిల్లలకు కూడా తెలుసు. అందుకే ఇన్నేళ్ళూ ఒక్కరూ నోరు విప్పలేదు. ఇప్పుడు హాలంతా పాడుతోంది. ఒక్కొక్కరి పాదాలూ దబ్బుమని నేలకు దిగుతున్నాయి. "అమ్మో, నా మోకాలు!" అన్న మూలుగులు కూడా ఆ పాటలోనే కలిసిపోయాయి.

"నా కాలు తొక్కుతున్నావు," అంది యుగెట్.

"చూడ్డమే గానీ ఎప్పుడైనా ఆడానా?" అన్నాడు ఆర్సేన్. అతని కళ్ళు నిండాయి.

పాట అయ్యాక వెళ్ళి పెట్టె ఎత్తుకున్నాడు. వట్టి పెట్టె బరువే ఉంది. కుర్చీలో కూర్చుని ఇంకో వాల్ట్జ్ మొదలుపెట్టాడు.

హాలంతా మళ్ళీ గొంతు కలిపింది. ఒక్కరూ నోరు మూయలేదు.