ఆ "ఆయ్" ఎవరిది?

తాతాజీ టీవీలో కనిపించేది రెండు నిమిషాలు. ఆదివారం నవ్వుల కార్యక్రమంలో యజమాని తిట్టినంతసేపూ చేతులు కట్టుకుని నిలబడతాడు. చివర్లో మెడ వాల్చి, "ఆ...య్! తవరెలా అంటే అలాగేనండి" అంటాడు. అంతే. ఆ మాత్రానికే సొంతూరు మొగల్తూరులో సన్మానం.

అప్పాజీకి ఒళ్లు మండిపోయింది. బుర్రకథ దళంలో తంబురా పట్టి కథ చెప్పింది తను. తాతాజీ తన పక్కన డక్కీ వాయిస్తూ హాస్యం చెప్పినవాడు. కథలు చెప్పించుకునేవాళ్లు కరువయ్యాక వాడు హైదరాబాదు బస్సెక్కాడు. తను పెళ్లాం సత్యకుమారి పోయిన ఇంట్లో తంబురాకి బూజు దులుపుకుంటూ మిగిలాడు.

ఆ "ఆయ్" తను ఎరిగినదే. తన దళంలోదే అయ్యుండాలి, ఇంకెక్కడిది? ఆ ముక్క నలుగురి ముందూ వాడి నోటే చెప్పించాలి.

సభలో శాలువా కప్పడం కాగానే అప్పాజీ వేదికెక్కి మైకు లాక్కున్నాడు.

"ఒరే తాతాజీ, ఆ ఆయ్ ఎక్కడ కొట్టుకొచ్చావురా? మన కథలోది కాదూ?"

"మీరూ ఓసారి అనండి అప్పాజీగారూ!" కిందనుంచి ఎవరో కేకేశారు.

అన్నాడు. ఒక్కరూ నవ్వలేదు.

"చేలోకి నీళ్లొచ్చాయా అంటే, 'ఆయ్, వచ్చాయండి' అని చెప్పినట్టుందండి!" అన్నాడింకొకడు. దానికి మాత్రం నవ్వారు.

తాతాజీ దగ్గరికొచ్చాడు. "నాది కాదు బావా. నీదీ కాదు. సత్యకుమారక్కది. కథ అయ్యాక నువ్వు అరుగు మీద కూచుని, 'నా అంత కథకుడు జిల్లాలో లేడే' అనేవోడివి కదా? అక్క వంటింట్లోంచి, 'ఆ...య్! తవరెలా అంటే అలాగేనండి' అనేది. నవ్వు కనపడకుండా నేను మొహానికి డక్కీ అడ్డం పెట్టుకునేవోణ్ణి."

జనం విరగబడి నవ్వారు.

కాపరం చేసినన్నాళ్లూ విన్న మాట. ఆవిడ ఒప్పుకుంటోందనుకున్నాడు. అది వెటకారమని పక్కన డక్కీ అడ్డం పెట్టుకున్నవాడికి తెలిసింది. ఇప్పుడు టీవీ ఉన్న ప్రతి ఇంటికీ తెలుసు. కట్టుకున్నవాడికే తెలియలేదు.

తాతాజీ తన శాలువా తీసి, "ఇది అక్కది బావా" అంటూ కప్పబోయాడు. అప్పాజీ తోసేశాడు.

"నా పెళ్లాం నాతో అన్న మాటరా అది. నువ్వెందుకు విన్నావు?"

మెట్లు దిగి వెనక్కి చూడకుండా ఇంటికి పోయాడు.

ఆదివారం టీవీ పెట్టాడు. వాడి మొహం చూడటం ఇష్టంలేక కళ్లు మూసుకుని, ఆ మాట వచ్చేదాకా కూచున్నాడు.