తెర కింద రాసిన మాట

ఉల్లిగడ్డ భజీలు నాలుగో వాయి దించుతుంటే ముందరింట్లోంచి అత్త సత్తమ్మ గొంతు వినబడింది నిర్మలకు. మాట్లాడుతున్నది మంచంలో కూర్చున్న అత్త కాదు, టీవీలో అత్త.

రెండు నెలల కింద సినిమా తీసేవాళ్లు నలుగురు మహారాష్ట్రలో ఉన్న తమ ఊరు కోర్పనాకు వచ్చి, రజాకార్ల నాటి సంగతులు చెప్పమని ముసలమ్మను కెమెరా ముందు కూర్చోబెట్టారు. "మా అవ్వకు మరాఠీ రాదు, నేను సమ్జాయిస్త" అన్నాడు నిర్మల మొగుడు సమ్మన్న. తెర కింద వేసే మరాఠీ మాటలు రాయించిందీ అతనే. పన్నెండో తరగతి దాకా మరాఠీలోనే చదివిన నిర్మల ఏదో అనబోతే, "నువ్వు చాయ్ చూస్కో" అన్నాడు. ఇరవై ఎనిమిదేళ్ల కాపురంలో ఆ మాట ఎన్నిసార్లు విన్నదో. ఇంటికొచ్చిన ఏ కాగితమైనా చదివిపెట్టేది తనే. నలుగురు కూడితే మాత్రం చాయ్. ఇవాళ ఆ సినిమా పెన్‌డ్రైవ్‌లో వచ్చింది. చంద్రపూర్ నుంచి సమ్మన్న దోస్తులు పదిమంది చూడవచ్చారు. ఒక్కరికీ తెలుగు రాదు. రేపటి నుంచి ఊరూరా చూపిస్తారట.

"రజాకార్లు జొన్నలు దోస్కపోయిన్రు. గప్పుడు దూదేకుల బీబమ్మ నన్ను పత్తి కుప్పల దాసింది. మూడొద్దులు ఆమె బాయి నీళ్లే తాగిన" అంటున్నది టీవీలో అత్త. కాళ్లకు నూనె రాసినప్పుడల్లా చెప్పే ముచ్చటే. బీబమ్మ మనవడు ఇప్పటికీ మూడిళ్ల అవతల పరుపులు కుడతాడు.

నిర్మల పళ్లెం పట్టుకుని ముందరింట్లోకి వచ్చింది. అప్పుడు కనబడ్డాయి తెర కింద ఆ మాటలకు రాసిన మరాఠీ అక్షరాలు: 'మా పొరుగువాళ్లే నన్ను పత్తి కుప్పలో వేసి కాల్చబోయారు. బావిలో విషం కలిపారు. ఆ కుట్ర ఇంకా నడుస్తోంది.'

వచ్చినవాళ్లు అయ్యో అని నాలుక చప్పరించారు. తన మాటకే అనుకుని సత్తమ్మ మురిసింది.

"కింద ఏం రాసిన్రు బిడ్డా?"

"నువ్వు చెప్పిందే అవ్వా" అన్నాడు సమ్మన్న, తల తిప్పకుండా.

నిర్మల పళ్లెం కింద పెట్టి, అత్త చెవి దగ్గర కూర్చుని, రాసింది రాసినట్టు తెలుగులో చెప్పింది.

ముసలమ్మ కొడుకు వైపు తిరిగింది. "ఇసం బాయిల కాదురా, నా నోట్ల పోసినవ్."

"ఏయ్, నీకెందుకే గివన్నీ? పోయి చాయ్ చూస్కో" అని నిర్మల మీద కసిరాడు సమ్మన్న.

చూసుకోవడానికే వెళ్లింది నిర్మల. స్టవ్ కట్టేసి, చెయ్యి కడుక్కుని, వెనక్కి వచ్చి, ఖాళీగా ఉన్న కుర్చీ టీవీ పక్కకు లాక్కుని కూర్చుంది. వచ్చినవాళ్లతో మరాఠీలో అన్నది:

"మళ్లీ మొదటినుంచి పెట్టండి. మా అత్త ఏం చెప్పిందో ఈసారి నేను చెప్తాను."